కొంగ వెనక్కి నడిచిన సినిమా

నవ్వు నాలుగు విధాల చేటని మా నాయనమ్మ నన్ను ఉద్దేశించే అనేది. ఇంట్లో ఎవరైనా కాలు జారి పడితే ముందు నవ్వేసి, ఆ తర్వాతే లేవదీయడానికి వెళ్ళే రకాన్ని నేను. కోపం కూడా అంతే, ముక్కు మీదే కూర్చుని ఉంటుంది. చదువుకోవడానికి షెఫీల్డ్ వెళ్ళినప్పుడు సూట్‌కేసులో ఆవకాయతో పాటు ఈ రెండూ కూడా వచ్చాయి. అక్కడ ఒక పెద్దావిడ ఇంట్లో, ఆవిడ చేతుల మీదుగా తయారైన సినిమా చూస్తూ, ఆవిడ పక్కనే కూర్చుని పక్కున నవ్వాను. ఇప్పుడు మిల్టన్ కీన్స్‌లో కాపురం, ఉద్యోగం, కారు అన్నీ ఏర్పడ్డాక కూడా ఆ నవ్వు నాకు తరచూ గుర్తొస్తుంది.

అది 2011 శీతాకాలం. మాస్టర్స్ చదివే అమ్మాయిలం నలుగురం కలిసి ఒక ఇరుకు ఇల్లు అద్దెకు తీసుకున్నాం. శని, ఆదివారాలు నేను ఒక కేర్ ఏజెన్సీలో పనిచేసేదాన్ని. ముసలివాళ్ళ ఇళ్ళకు వెళ్ళి మందులు వేయడం, సూపు వేడిచేసి పెట్టడం, పక్క సర్దడం మా పని. ఎవరింటికి ఎప్పుడు వెళ్ళాలో ఏజెన్సీ వాళ్ళు రోటాలో రాసి పంపేవాళ్ళు. ఒక శనివారం రోటాలో కొత్త ఇల్లు వచ్చింది. పని అన్నచోట ‘చదివి పెట్టడం, కబుర్లు’ అని ఉంది. కూర్చుని కబుర్లు చెప్తే జీతమా అని సంబరపడ్డాను.

ఆ ఊళ్ళో ఏ ఇంటికి వెళ్ళాలన్నా కొండ ఎక్కాల్సిందే. ఆయాసపడుతూ వెళ్ళి తలుపు కొట్టాను. ఎనభై దాటిన పెద్దావిడ, సన్నగా, నిటారుగా ఉంది. తలుపు తీసి నా మొహం వైపు చూడకుండా, నా చెవి పక్కన గోడను చూస్తూ లోపలికి రమ్మంది. టీ ఇచ్చినా అంతే, చదివి పెట్టమని పేపరు ఇచ్చినా అంతే. ఒక గంట ఓర్చుకున్నాను. నా వల్ల కాలేదు.

“నా మొహం చూడ్డం ఇష్టం లేకపోతే ఏజెన్సీకి ఫోన్ చేసి చెప్పండి. ఇంకొకళ్ళని పంపిస్తారు” అన్నాను.

ఆవిడ కోప్పడలేదు. “నీ మొహం వైపు చూస్తే నాకు నీ మొహం కనిపించదమ్మాయ్. బూడిద రంగు మచ్చ కనిపిస్తుంది. నీ చెవి పక్కకి చూస్తే మొహం కొంచెం తెలుస్తుంది. నా చూపులో నడిమి భాగం పోయింది. అంచులు మిగిలాయి. ఆ మచ్చ పెద్దదవుతోందని డాక్టర్లు అంటున్నారు” అంది. ఇంగ్లీషులోనే అంది గానీ, నా చెవికి మాత్రం మా పక్కింటి పిన్నిగారు మందలించినట్టే వినిపించింది.

సిగ్గుతో చచ్చిపోయాను. ఆవిడే మాట మారుస్తూ మీదే ఊరని అడిగింది. ఇండియా అంటే సరిపోలేదు. దక్షిణాది అంటే సరిపోలేదు. చివరికి భీమవరం దగ్గర పల్లెటూరు, గోదావరి కింద కాలువల ప్రాంతం అని చెప్పాను. ఆవిడ కప్పు కింద పెట్టేసింది.

“గోదావరి నేనెప్పుడూ చూడలేదు. కానీ కొన్ని నెలల పాటు రోజంతా దాన్నే చూశాను” అంది.

అప్పుడు చెప్పింది. రెండో ప్రపంచ యుద్ధం అయిపోయిన కొన్నేళ్ళకు, ఇరవై ఏళ్ళు నిండీ నిండని వయసులో, ఆవిడ లండన్‌లో డాక్యుమెంటరీలు తీసే ఒక చిన్న సంస్థలో అసిస్టెంట్ ఎడిటర్‌గా చేరింది. ఆ రోజుల్లో అందరికీ కొత్త లోకం కట్టేస్తున్నామన్న ఉత్సాహం. బడులు, ఆసుపత్రులు, సహకార సంఘాలు, వీటి మీద సినిమాలు తీసి ఊరూరా హాళ్ళలో వేసేవాళ్ళట. అలా ఒక సినిమా మా వైపు పొలాల మీద తీశారు. యుద్ధం నుంచి తిరిగొచ్చిన సిపాయిలకు ప్రభుత్వం బంజరు ఇస్తే, దాన్ని ముక్కలు చేసుకోకుండా అందరూ కలిసి సాగు చేసుకున్న సంఘం కథ అది. కెమెరా పట్టినాయన ఒక్కడే అక్కడికి వెళ్ళి, ఫిల్ము డబ్బాల్లో పెట్టి ఓడలో పంపించి, అటునుంచి అటే ఇంకో దేశం వెళ్ళిపోయాడు. లండన్‌లో కూర్చుని దాన్ని కత్తిరించి, అతికించి, కథగా కూర్చింది ఈవిడా, ఈవిడ డైరెక్టరూ. ఇద్దరిలో ఎవరూ వరిచేను చూసినవాళ్ళు కారు.

మా ఊళ్ళో సొసైటీ అంటే ఎరువుల బస్తాలు, ఎలక్షన్లు, అరుగు మీద తగాదాలు. దాని మీద సినిమా తీశారంటే నాకు ముందు నమ్మకం కలగలేదు.

“సినిమా బాగా వచ్చిందనే అనుకున్నాం. సంస్థ పెద్దలకు ముందుగా చూపించిన రోజున మీ దేశం నుంచి వచ్చిన ఒకాయన కూడా కూర్చున్నాడు. మధ్యలో ఆ చీకట్లో ఆయన ఒక్కడే గట్టిగా నవ్వాడు. ఏడ్చే చోట కాదు, నవ్వే చోటా కాదు. ఎందుకు నవ్వారని మా డైరెక్టర్ అడిగితే ఏదో చెప్పి దాటేశాడు. ఆ తర్వాత సినిమా బయటికి రాలేదు. కత్తిరింపులో ఏదో తప్పు జరిగిందని నా మీదే పెట్టారు. ఆ ఉద్యోగం పోయింది. మళ్ళీ ఎడిటింగ్ గదిలో అడుగు పెట్టలేదు” అంది.

తర్వాత ఆవిడ ఈ ఊరొచ్చి, పెళ్ళి చేసుకుని, లైబ్రరీలో ఉద్యోగం చేసి రిటైరైంది. సంస్థ మూతపడినప్పుడు ఎవరో పారేయబోయిన ఆ ఫిల్ము డబ్బాలను వెళ్ళి తెచ్చుకుని దాచుకుంది. ఇప్పుడు వాళ్ళ వీధి చివర కలిసి కూరగాయలు పండించుకునే సంఘం వాళ్ళకు ఒక హాలు ఉంది. వసంతంలో మీ సినిమా వేస్తాం, ఇవ్వండి అని వాళ్ళు అడిగారట. ఆవిడ ఔననలేదు, కాదనలేదు.

“ఆయన ఎందుకు నవ్వాడో తెలియకుండా ఇంకోసారి నలుగురి ముందు పెట్టలేను. తెలుసుకుందామంటే ఇప్పుడు నా కళ్ళు చాలవు. నువ్వు ఆ పొలాల దగ్గర పుట్టిన పిల్లవి. చూసి చెప్తావా? ఎక్కడ నవ్వొస్తే అక్కడ నవ్వు. నాకు తెలియాలి” అంది.

చూసి చెప్పడమెంత పని అని ఒప్పుకున్నాను.

పై శనివారం నేను వెళ్ళేసరికి హాలు వాళ్ళ ప్రొజెక్టర్ ఆవిడ ముందు గదిలో బల్ల మీద ఉంది. సాయం చేయబోతే వద్దంది. ఫిల్మును వేళ్ళతో తడుముకుంటూ చక్రాల మధ్య నుంచి, పళ్ళ మీద నుంచి లాగి ఎక్కించింది. ఎక్కడా తడబడలేదు. మా అమ్మ చీకట్లో పూలు కట్టడం గుర్తొచ్చింది. కర్టెన్లు వేసి, గోడ మీద ఫొటోలు తీసేసి, ఆ తెల్లగోడ మీద సినిమా వేసింది.

ముందు కాలువ వచ్చింది. నాకు ప్రాణం లేచొచ్చింది. నలుపు తెలుపుల్లో అయినా అది మా కాలువే, ఆ మలుపూ ఆ తూములూ అన్నీ మావే. నిక్కర్లు వేసుకున్న మాజీ సిపాయిలు ముళ్ళపొదలు నరుకుతున్నారు. పాక కింద మీటింగు పెట్టుకుని చేతులెత్తి ఓట్లు వేస్తున్నారు. అందరి ఎద్దులూ ఒకే కొట్టంలో ఉన్నాయి. నేను చూస్తున్నదంతా గలగలా చెప్పుకుపోతున్నాను. వ్యాఖ్యానం చెప్పే ఇంగ్లీషు గొంతు, ఇక్కడ పొలం ఒకరిది కాదు, అందరూ కలిసి ముందుకు నడుస్తూ నాట్లు వేస్తున్నారు అంది. గోడ మీద ఆడవాళ్ళ వరస కనిపించింది. ఒక చివర నుంచి ఇంకో చివర దాకా అందరూ ఒక్కసారే వంగి, అడుగులో అడుగు వేసుకుంటూ ముందుకు వస్తున్నారు.

ముందుకు నడుస్తూ నాట్లు ఎవరు వేస్తారు? మునుం పట్టి వరసగా వంగిన ఆడవాళ్ళు నాటుకుంటూ వెనక్కే జరుగుతారు. సరిగ్గా చూస్తే వీళ్ళ చేతులు కిందికి ఉత్తవి వెళ్తున్నాయి, పైకి వచ్చేటప్పుడు నారుతో వస్తున్నాయి. ఊరంతా ఒక్కటై, ఎంతో క్రమశిక్షణగా, నాటిన చేనంతా పీకేస్తున్నారు. దానికి తోడు ఒక మూల ఒక కొంగ, ఎంతో పెద్దరికంగా, వెనక్కి వెనక్కి నడుస్తోంది.

నవ్వాపుకోలేకపోయాను. పొట్ట పట్టుకుని నవ్వాను.

ఆవిడ చెయ్యి నా మోచేతి మీద పడింది. “అక్కడే. ఆయన నవ్వింది కూడా అక్కడే” అంది. “ఏముంది అక్కడ? నాటే ఆడవాళ్ళ వరసే కదా? ఈ సినిమా మొత్తంలో పూర్తిగా నాది అని చెప్పుకోగలిగింది ఆ ఒక్క ముక్కే.”

ఎలాగండీ అన్నాను, నవ్వు ఇంకా పూర్తిగా ఆగలేదు.

“డబ్బాలతో వచ్చిన చీటీలు తడిసిపోయాయి. ఏది ఎటునుంచి ఎటో రాసింది ఏమీ మిగల్లేదు. ఈ ముక్క మాత్రం చూడగానే తేడాగా ఉంది. అందరూ వెనక్కి నడుస్తున్నారు. మనుషులు వెనక్కి నడుస్తూ పని చేస్తారా? ఫిల్ము చివర నుంచి మొదటికి తిరగబడి వచ్చి ఉంటుందని నేనే పట్టుకున్నాను. లాబ్‌కి పంపించి తిన్నగా చేయించాను. మా డైరెక్టర్ అందరి ముందూ మెచ్చుకున్నాడు. నీళ్ళ కదలికలో ఏదో అనుమానం వచ్చిందిలే, మీ బురద నీళ్ళు అలాగే కదులుతాయేమో అనుకున్నాను” అంది.

నా నవ్వు ఎక్కడికి పోయిందో తెలియదు. తేలు కుట్టిన దొంగలా కూర్చున్నాను. ఆవిడ నా చెవి పక్కకి చూస్తూ ఎదురుచూస్తోంది. ఆ వరసలో ఒకామె చీర ఎగ్గట్టిన తీరు మా అత్తయ్య లాగే ఉంది, అందుకే నవ్వొచ్చింది అని చెప్పాను.

“ఆయన కూడా ఇలాంటిదే ఏదో చెప్పాడు” అంది ఆవిడ, ప్రొజెక్టర్ ఆపేస్తూ.

ఆ వారమంతా నాకు మనసు మనసులో లేదు. నా రూమ్మేట్ కరీంనగర్ అమ్మాయి, కూరలో ఉప్పు రెండుసార్లు వేశానని నా మీద మండిపడి, ఆ తర్వాత సంగతంతా విన్నది.

“చెప్పెయ్. ఇంక ఆలోచన దేనికి?” అంది.

“ఎలా చెప్పనే? జన్మలో ఒక్కటి గొప్పగా చేశాననుకుంటోంది. అదే తప్పని చెప్పాలా?”

“ఆమె అడిగింది గొప్పదా కాదా అని కాదు గద. ఎందుకు నవ్విండో చెప్పుమన్నది. అరవై ఏండ్ల సంది అదే అడుగుతున్నది. నువ్వు గూడ చెప్పకపోతే ఆయనకూ నీకూ ఫరకేముంది?” అంది. అని, నా కూర పక్కన పెట్టి తన పచ్చడి తెచ్చుకుంది.

చెప్పేయాలనే గట్టిగా అనుకుని తర్వాతి శనివారం కొండెక్కాను. ఆవిడ అప్పటికే ఫిల్ము ఎక్కించి పెట్టింది. “ఈసారి నువ్వేమీ చెప్పకు. నేనే చూస్తాను” అంది. కుర్చీని గోడకు అడ్డంగా తిప్పుకుని, తల పక్కకి పెట్టి కూర్చుంది. ఆ చూపుతో ఏం చూస్తుందిలే అనుకున్నాను. సిపాయిలు వచ్చారు, మీటింగు వచ్చింది, ఎద్దులు వచ్చాయి. ఆడవాళ్ళ వరస వచ్చింది.

“ఆ మూల తెల్లగా కదులుతోంది, ఏమిటది?” అని అడిగింది.

“కొంగండీ.”

“ఇన్నేళ్ళూ నేను దాన్ని చూడలేదు. ఎప్పుడూ మధ్యలో ఆడవాళ్ళనే చూసేదాన్ని. ఇప్పుడు ఆడవాళ్ళు కనిపించడం లేదు, అదొక్కటే కనిపిస్తోంది.” “అది ఎటు నడుస్తోంది?”

ఆవిడ ఫిల్మును వెనక్కి తిప్పి మళ్ళీ వేసింది.

“పక్షి వెనక్కి నడవదు కదా” అంది చివరికి, తనతో తాను అనుకుంటున్నట్టుగా. తర్వాత నా వైపు తిరిగి, “అయితే ఆడవాళ్ళు?” అంది.

మాటల్లో చెప్పే ధైర్యం లేక వంటింట్లోకి వెళ్ళి, అక్కడున్న ఉల్లికాడల కట్ట తెచ్చాను. జీన్స్ పైకి మడిచి, ఆవిడ కార్పెట్ మీద నడుం వంచి, ఎడమ చేతిలో కట్ట పట్టుకుని, కుడిచేత్తో ఒక్కొక్క కాడ తీసి నాటుతున్నట్టు పెడుతూ, సోఫా దగ్గర నుంచి తలుపు దాకా వెనక్కి జరిగాను. ఆవిడ తల ఓరగా పెట్టి చూస్తూనే ఉంది.

“ఎందుకలా?” అంది.

“ముందుకు నడిస్తే నాటినదాన్ని మనమే తొక్కేస్తామండీ” అన్నాను.

“అంత మామూలు కారణమా” అంది. ఆ మాట అనేటప్పుడు ఆవిడ మొహం చూడలేకపోయాను. ప్రొజెక్టర్ ఆపేసి, “నువ్వు ఈవేళ ఇంటికి వెళ్ళు. గంటలు పూర్తిగా చేశావనే ఏజెన్సీకి చెప్తాను” అంది. ఉల్లికాడలన్నీ ఏరి వంటింట్లో పెట్టి వచ్చేశాను.

తర్వాతి వారం రోటాలో ఆవిడ ఇల్లు లేదు. ఆ పై వారం కూడా లేదు. అడుసు తొక్కనేల, కాలు కడగనేల అని నన్ను నేనే తిట్టుకున్నాను. తెలియకుండా ఉన్నన్నాళ్ళూ ఆవిడకు కనీసం ఆ ఒక్క గొప్ప మిగిలింది, దాన్ని కూడా నేను పీకి చేతిలో పెట్టానని దిగులు. కొండ కింద ట్రామ్ ఆగినప్పుడల్లా ఆ వీధి వైపు చూసేదాన్ని. ఎక్కి వెళ్ళి తలుపు కొట్టే ధైర్యం రాలేదు.

మంచు కరిగి రోడ్ల పక్కన పసుపు పూలు వస్తున్న రోజుల్లో ఏజెన్సీ నుంచి ఫోన్ వచ్చింది. ఫలానా ఇంట్లో పెద్దావిడ, వెనక్కి నడిచే అమ్మాయినే పంపించమంటోంది, అది నువ్వేనా అని అడిగారు. నేనే అన్నాను.

వెళ్ళేసరికి బల్ల మీద ప్రొజెక్టర్‌తో పాటు ఫిల్ము కత్తిరించి అతికించే చిన్న పరికరం, జిగురు సీసా, అరచేతిలో పట్టే ఒక రేకు డబ్బా ఉన్నాయి. ఆవిడ పలకరింపు కూడా లేకుండా ఆ డబ్బా నా చేతిలో పెట్టింది.

“నాట్ల ముక్క కెమెరా ఆయన పంపినట్టే, నేను తిప్పించక ముందు తీసిన ప్రింటు ఇది. నా తెలివికి గుర్తుగా దాచుకున్నాను” అంది. ఈసారి నవ్వింది. “కొన్నాళ్ళు ఏడ్చాను. నీ మీద కోపం కూడా వచ్చింది. తర్వాత ఒక సంగతి తోచింది. ఆయన నా పని చేతకానితనం చూసి నవ్వాడనుకున్నాను ఇన్నేళ్ళూ. అది కాదు. చేను పీకుతున్నారని నవ్వాడు. ఎవరైనా నవ్వుతారు. నేనైనా నవ్వుతాను. రా, కూర్చో. నా వేళ్ళకు పని తెలుసు, నువ్వు చూసి చెప్పు చాలు.”

ఆ మధ్యాహ్నమంతా అదే పని. నేను భూతద్దంలో చూసి ఇదిగో ఇక్కడ అంటే, ఆవిడ వేళ్ళతో ఆ గీత పట్టుకుని తెగ్గోసేది. తిరగబడిన ముక్క తీసేశాం. దాని స్థానంలో డబ్బాలోని అసలు ముక్క పెట్టి అతికించాం. ఒక ఇబ్బంది వచ్చింది. సినిమాలో మాటలు ఫిల్ము అంచునే ముద్రించి ఉంటాయి, ఈ పాత ముక్క మీద అవి లేవు. అంటే నాట్ల దగ్గరకు వచ్చేసరికి వ్యాఖ్యానం ఆగిపోతుంది.

“ఆగనీ. ముందుకు నడుస్తున్నారన్న ఆ అబద్ధం పోతుంది” అంది.

ముక్క చివర చాలా సాగిందని, కొంచెం కోసేద్దామని నేను సలహా ఇచ్చాను. అప్పటికి నేను కూడా ఎడిటర్‌నే అనుకుంటున్నాను మరి.

“చివర్లో ఏముంది?” అని అడిగింది.

చూసి చెప్పాను. వరసలో చివరి ఆమె వెనక్కి వెనక్కి జరిగి గట్టు దాకా వస్తుంది. చూసుకోదు. మడమ గట్టుకు తగిలాక ఆగి, నడుం ఎత్తి నిలబడుతుంది.

“అయితే ఒక్క ముక్క కూడా కొయ్యొద్దు. ఆ మడమ తగిలేదాకా ఉంచు” అంది. జిగురు ఆరేదాకా రెండు వేళ్ళతో నొక్కి పట్టుకుని కూర్చుంది. తర్వాత హాలు వాళ్ళకు ఫోన్ చేసి, వేసుకోండి అని చెప్పింది.

సినిమా వేసే రోజు ఆదివారం మధ్యాహ్నం. హాలంతా తోటపని చేసుకునే ముసలి దంపతులు, కేకులు, టీ కప్పులు. నేను మా ఇంటి అమ్మాయిలందరినీ లాక్కొచ్చాను. పెద్దాసుపత్రిలో మత్తు డాక్టరుగా చేసే ఆంటీని కూడా పిలిచాను. ఆవిడది అమలాపురం. డ్యూటీ దిగి నిద్ర కూడా పోకుండా వచ్చి, “ఏంటమ్మాయ్, పొలం పనుల సినిమాకా నన్ను పిలిచావు, ఆ పనులు చూళ్ళేకే కదా డాక్టరీ చదివాను” అంటూ కూర్చుంది.

పెద్దావిడ వెనక వరసలో చివరి కుర్చీలో కూర్చుంది. నేను పక్కన. ఇటుక రంగు కోటు వేసుకుని, జుట్టు చక్కగా దువ్వుకుంది. దీపాలు ఆర్పగానే నా చెయ్యి పట్టుకుంది.

కాలువ వచ్చింది. ఆంటీ “అబ్బో” అని కుర్చీలో ముందుకు జరిగింది. సిపాయిలు, మీటింగు, ఎద్దులు. ఇంగ్లీషు గొంతు చెప్పుకుంటూ పోతోంది. ఉన్నట్టుండి ఆగిపోయింది. హాలంతా నిశ్శబ్దం. ఆడవాళ్ళ వరస తెర మీదకు వచ్చింది. చేతులు నారుతో కిందికి వెళ్తున్నాయి, ఉత్తవి పైకి వస్తున్నాయి. వాళ్ళు జరుగుతున్న కొద్దీ వాళ్ళ ముందు పచ్చగా చేను పుడుతోంది. నలుపు తెలుపు సినిమాలో పచ్చదనం నాకెలా కనిపించిందని అడగొద్దు, కనిపించింది.

పెద్దావిడ చెయ్యి బిగిసిపోయింది. ఇదే చోటు. ఆవిడ తెర వైపు చూడడం లేదు, మనుషుల వైపు చెవి పెట్టి కూర్చుంది. ఎవరూ నవ్వలేదు. ఆవిడ నెమ్మదిగా ఊపిరి వదిలింది.

వరస గట్టు దగ్గరకు వచ్చేస్తోంది. చివరి ఆమె వంచిన తల ఎత్తకుండా జరుగుతూనే ఉంది. ఆ నిశ్శబ్దంలో ఆంటీ, తను ఎక్కడుందో పూర్తిగా మర్చిపోయి, చేనుకు అవతలి గట్టు మీద నుంచి పిలిచినట్టు, “ఒసేయ్, వెనకాల గట్టే, చూసుకోవే” అని కేకేసింది. మా కరీంనగర్ అమ్మాయి కూడా వెంటనే “పడ్తవ్, ఆగు” అంది. తెర మీద ఆమె మడమ గట్టుకు తగిలింది. ఆగింది. నడుం మీద చెయ్యి వేసుకుని నిలబడి ఇటే చూసింది, పిలుపు విన్నట్టే.

మా వరసంతా గొల్లుమంది. ఆంటీ నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. సంగతేమిటో తెలియకపోయినా ముందున్న ఇంగ్లీషు వాళ్ళు కూడా నవ్వారు.

పెద్దావిడ గోళ్ళు నా చేతిలో గుచ్చుకున్నాయి. “నవ్వారు” అంది. “ఎందుకు నవ్వారు?”

నేను ఆవిడ చెవి దగ్గరకు వంగాను. “మా డాక్టరాంటీ ఆవిడకు కేకేసింది. వెనకాల గట్టుంది, పడతావు, చూసుకో అని చెప్పింది.”

“సినిమాలో ఆవిడకా?”

“ఔను.”

“పడిందా?”

“పడలేదు. మడమ తగలగానే ఆగింది.”

తెర మీద అప్పటికే కోతలు వచ్చేశాయి. ఇంగ్లీషు గొంతు మళ్ళీ మొదలైంది, హాలు సద్దుమణిగింది. ఎవరో టీ కప్పు సాసర్లో పెట్టిన చప్పుడు కూడా వినిపిస్తోంది. ఆ సమయంలో ఆ చీకట్లో పెద్దావిడ నవ్వడం మొదలుపెట్టింది. ముందు మెల్లగా, తర్వాత ఆపుకోలేక, కళ్ళ వెంట నీళ్ళు కారుతుంటే, ఆవిడ ఒక్కతే గట్టిగా నవ్వింది. ముందు వరసల వాళ్ళంతా ఎవరా అని వెనక్కి తిరిగి చూశారు.